చర్చ: మంద్రం ముందు, తారం వెనుక – ఈ ధ్వని సూత్రం నిలబడుతుందా?

ఉదయగిరి_బురుజు: నా కల్పిత లోకంలో గాలికి ఒకటే నియమం. స్వరం హెచ్చేకొద్దీ శబ్దం నెమ్మదిస్తుంది. 128 హెర్ట్జ్ స్వరం సెకనుకు 400 మీటర్లు పోతే, 256ది 200, 512ది 100. మన గాలిలో 20 డిగ్రీల దగ్గర ఏ స్వరమైనా దాదాపు 343 మీటర్లే. అది నాకు అక్కర్లేదు. కొండకోట మీద నగారా, బూర ఒకేసారి మోగితే కింద సైన్యానికి నగారా ముందు అందుతుంది. అందుకే అక్కడ ఆజ్ఞలన్నీ మంద్రంలోనే. మూడు అధ్యాయాలు పైన పెట్టా. లోపాలుంటే చెప్పండి.

పెన్నాగట్టు: భలే ఉండాదన్నా.

కొత్తపట్నం_అల: ఒక లెక్క వదిలేశారన్నా. మీరిచ్చింది ఒక్కో అల శిఖరం నడిచే వేగం. చెవికి చేరే చప్పుడు అలల గుంపు, దాని వేగం వేరు. మీ సూత్రంలో వేగాన్ని ఫ్రీక్వెన్సీతో గుణిస్తే ఎప్పుడూ 51200 వస్తుంది. అలాంటప్పుడు గుంపు వేగం సరిగ్గా సగం. 128 చప్పుడు సెకనుకు 200 మీటర్లే పోతుంది, 256ది 100, 4096ది ఆరుంబావు. ఇది లోతు నీళ్ల మీద అలలు పాటించే నియమమే. దక్షిణాన ఎక్కడో సముద్రంలో తుఫాను రేగితే మన తీరానికి బారు అలలు ముందొచ్చి, పొట్టివి తర్వాత వచ్చేది దీనివల్లే. తర్కశాస్త్రం వాళ్లు శబ్దవ్యాప్తికి వీచీతరంగ న్యాయం చెప్పారు, అంటే నీళ్లలో ఒక అల ఇంకో అలని పుట్టించినట్టే శబ్దమూ పాకుతుందని. మీరు దాన్ని నిజంగానే నీళ్లలోకి దింపారు.

ఉదయగిరి_బురుజు: సగమైతే సగం. నగారా ముందొస్తుందా, రాదా?

కొత్తపట్నం_అల: వస్తుంది. కానీ నగారా అంటే ఒక్క స్వరం కాదు, కర్ర తగిలిన టక్కు కూడా ఉంటుంది. 100 మీటర్ల దూరంలో 128 భాగం అర సెకనుకి, 1024 భాగం నాలుగు సెకన్లకి, 4096 భాగం పదహారు సెకన్లకి చేరుతుంది. ఒక్క దెబ్బ కొడితే కింద వాడికి 'ధమ్' అని మొదలై, పైకి పాకుతూ పదహారు సెకన్ల ఈల వినపడుతుంది. సెకను ఆగి రెండో దెబ్బ వేస్తే ఆ ఈల దీని మీద పడుతుంది. కర్ర కొసకి మందంగా గుడ్డ చుట్టి, పైన తోలు బిగించాలి. అప్పుడే పై స్వరాలు పుట్టకుండా అణుగుతాయి.

చీమకుర్తి_రాయి: వీణ సంగతేంది మరి? తీగ మోగేది దాని బిగింపు, బరువు, పొడవు బట్టి. గాలి నియమం మారినా వీణ మారదు.

కొత్తపట్నం_అల: పక్కన కూర్చుంటే మారదు. వేణువు మాత్రం మారుతుంది, అందులో మోగేది గాలే కాబట్టి. మన వేణువులో గట్టిగా ఊదితే పై షడ్జమం, అంటే మూలస్వరానికి రెండు రెట్లు, పలుకుతుంది. అక్కడ మూలస్వరానికి 1.414 రెట్లు, అంటే ప్రతిమధ్యమం పలుకుతుంది. ఇంకా ఒత్తితే 1.732 రెట్లు, అది చతుశ్రుతి ధైవతానికీ కైశికి నిషాదానికీ మధ్య ఎక్కడో. నాలుగో మెట్టు మీద గానీ పై షడ్జమం దొరకదు. ఆ లోకంలో కచేరీ రాయాలంటే ఇదే గని.

చీమకుర్తి_రాయి: వీణకి లేని నియమం వేణువుకెట్లా ఉంటుంది? నాకు మింగుడు పడలా.

ఉదయగిరి_బురుజు: వీణ ఊసే నా కథలో లేదు సామీ! తేలే కొండల మీద పెట్టిన చర్చలోనూ ఇట్నే పీక్కుతిన్నారు.

పులికాట్_కొంగ: మూడో అధ్యాయంలో 'ఆడగొంతు ఆలస్యంగా చేరుతుంది గనుక రాణి సేనను నడపలేదు' అని రాశారు. లెక్క చూడండి. మగగొంతు 120, ఆడగొంతు 210 అనుకుందాం. 100 మీటర్లకి తేడా సెకనులో మూడో వంతు. మీ సేనాపతి 'సాగండి' అని అరిస్తే? గొంతులోని మూలుగు అర సెకనులోపు వస్తుంది. 'ఆ' అని గుర్తుపట్టించే భాగం 700 హెర్ట్జ్ దగ్గర మొదలవుతుంది, దానికి రెండున్నర సెకన్ల పైనే. 'స'లోని బుస 4096 చుట్టుపక్కల ఉంటుంది, అది పదహారో సెకనులో. మీటరు దూరంలో మాట్లాడుకున్నా 'స' తర్వాతి అక్షరం మీద పడుతుంది. ఇద్దరిలో ఎవరి ఆజ్ఞా కిందికి చేరదు.

పెన్నాగట్టు: ఎదురుగాలి సెకనుకు ఏడు మీటర్లు వీస్తే ఆ 'స' వెనక్కే పోతుంది కదక్కా 😀

ఉదయగిరి_బురుజు: సేనాపతికి గురూపదేశం ఉంది. ఆయన గొంతుకి ఈ నియమం వర్తించదు. రెండో అధ్యాయం చదవకుండా మాట్లాడొద్దు.

పులికాట్_కొంగ: చదివాను. రాణికి సూత్రం, సేనాపతికి మంత్రం. రాణిని కోటలో కూర్చోబెట్టాలని ముందే అనుకున్నారు, సూత్రాన్ని సాకుగా తెచ్చారు. ఆమెను ఇంట్లో ఉంచాలంటే 'మా రాజ్యంలో ఆడవాళ్లని యుద్ధానికి పంపరు' అని రాయండి, ఎవరూ కాదనరు. గాలి మీదికి నెట్టొద్దు.

ఉదయగిరి_బురుజు: కథ నాది. పాఠకులు కాలిక్యులేటర్ పట్టుకుని చదవరు.

పెన్నాగట్టు: నేను పట్టుకునే చదవతా.

కొత్తపట్నం_అల: గొంతు ఎవరిదైనా ఆజ్ఞ పోదు కాబట్టి నగారాలే గతి. 64కి ఒకటి, 128కి ఒకటి శ్రుతి చేయండి. 800 మీటర్లకి మొదటిది రెండు సెకన్లలో, రెండోది నాలుగు సెకన్లలో చేరుతుంది. రెండూ ఒకేసారి కొడితే కింద వినేవాడు మధ్య ఎడం లెక్కపెట్టి కోట ఎంత దూరమో కూడా చెప్పగలడు. రెండు సెకన్ల ఎడమంటే 800 మీటర్లు. కొట్టేది రాణైనా ఒకటే, సేనాపతైనా ఒకటే.

చీమకుర్తి_రాయి: నియమం గాలికే అన్నారు గదా, మరి బండ సంగతి? గ్రానైట్‌లో శబ్దం సెకనుకు అయిదు వేల మీటర్ల చిల్లర పోతుంది. కొండంతా చీలిక లేని ఒకే రాయి అయితే పైన సుత్తితో కొట్టి, కింద బండకి చెవి ఆనిస్తే దెబ్బలు వరస తప్పకుండా అందుతాయి. నగారాలు దేనికి?

ఉదయగిరి_బురుజు: రాయికీ అదే నియమం పెట్టేస్తా. అయిపోయిందా?

చీమకుర్తి_రాయి: పెట్టు. అప్పుడు వీణ తీగకి కూడా పెడతావా, లేదా?