లాస్లో రాయ్క్ ఆర్కిటెక్టా, సినిమా మనిషా?

ప్రశ్న: నాజీల ఆష్విట్జ్ మరణ శిబిరంలో జరిగే హంగేరీ సినిమా 'సన్ ఆఫ్ సాల్' (2015) చూశాను. వెనకంతా మసకగానే కనిపిస్తుంది కదా, మరి సెట్లు రూపొందించిన ప్రొడక్షన్ డిజైనర్ రాయ్క్‌ని అంతలా పొగుడుతారెందుకండీ?

జవాబు: మసకే, కానీ కెమెరా హీరో వీపుకి అతుక్కుని ఆగకుండా గది నుంచి గదికి పోతుంది, అందుకే ఖైదీలు బట్టలు విప్పే గది నుంచి శవాలు కాల్చే కొలిమి దాకా అన్నీ నిజంగానే ఒకదానికొకటి కలిసి ఉండాలి. భవనం కట్టడం తెలిసినవాడి పని అది.

ఇంకొకరు: ఆయన ఆర్కిటెక్టేనండీ. బుడాపెస్ట్‌లో లెహెల్ మార్కెట్ ఆయన డిజైనే. 1980ల్లో నిషేధించిన పుస్తకాలు ఇంట్లోనే పెట్టి అమ్మేవారు, 1990లో పార్లమెంటుకీ ఎన్నికయ్యారు. ఆష్విట్జ్ మ్యూజియంలో హంగేరీ ప్రదర్శనకి 2004లోనే పనిచేశారు, ఆ చోటు ఆయనకి కొత్త కాదు.

ప్రశ్న అడిగినవారు: థాంక్సండీ! ఈసారి గోడలు, తలుపులు చూస్తూ మళ్లీ చూస్తా.