అప్‌డేట్: వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ ఎర్రర్ పోయింది

విజయనగరంలో మా నాన్నగారి మందుల షాపులో బిల్లింగ్ సాఫ్ట్‌వేర్ తెరవగానే ఈ డీఎల్ఎల్ (ప్రోగ్రామ్ నడవడానికి కావాల్సిన సహాయక ఫైల్) కనిపించడం లేదని వస్తోందని అడిగాను కదా. ఇప్పుడు బాగైపోయింది. సలహాలు చెప్పిన అందరికీ చాలా థాంక్సండీ, నాన్నగారి టెన్షన్ తీరింది.

పనిచేసింది మైక్రోసాఫ్ట్ సైట్ నుంచి విజువల్ సీ++ రీడిస్ట్రిబ్యూటబుల్ (ఇలాంటి డీఎల్ఎల్‌లు ఉండే ప్యాకేజీ) ఎక్స్86, అంటే 32 బిట్‌ది, వేయమన్న సలహా. మాది 64 బిట్ విండోస్, ఎక్స్64, అంటే 64 బిట్ ప్యాకేజీ ముందే ఉంది. కానీ సాఫ్ట్‌వేర్ పాతది, 32 బిట్. దానికి 32 బిట్ డీఎల్ఎల్ మాత్రమే పనికొస్తుంది. ఇంకో తిరకాసు: 64 బిట్ విండోస్‌లో 32 బిట్ ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64 ఫోల్డర్లో, 64 బిట్‌వి ఉండేది సిస్టమ్32లో. పేర్లు చూస్తే ఎవరైనా తికమకపడతారు.

ఎస్ఎఫ్‌సీ స్కాన్ (విండోస్ ఫైళ్లు పాడయ్యాయేమో చూసే టూల్) ఏమీ పట్టలేదు. అది విండోస్ సొంత ఫైళ్లనే చూస్తుంది, ఈ ప్యాకేజీ విడిగా వేసుకునేది. మా విషయంలో యాంటీవైరస్‌కీ దీనికీ సంబంధం లేదు.

ఏదో సైట్ నుంచి ఒక్క డీఎల్ఎల్ దింపి కాపీ చేయమన్న సలహా మాత్రం దయచేసి పాటించకండి. బిట్ తేడా వస్తే 0ఎక్స్‌సీ000007బీ అనే ఇంకో ఎర్రర్ వస్తుంది, పైగా ఆ ఫైల్లో ఏముందో ఎవరికీ తెలియదు.