సారా లాన్స్: యారో నుంచి లెజెండ్స్ దాకా, మీకు ఎక్కడ దగ్గరైంది?

నైట్‌షిఫ్ట్_నిజాంపేట:
అమెరికన్ సూపర్‌హీరో సిరీస్ యారో ఎనిమిది సీజన్లు, దాన్నుంచే పుట్టిన లెజెండ్స్ ఆఫ్ టుమారో ఏడు సీజన్లు మళ్ళీ మొదటి నుంచి చూసి పూర్తి చేశాను. ఈసారి సారా లాన్స్‌నే గమనిస్తూ వచ్చాను. 2012 పైలట్‌లో ఆమె అక్క బాయ్‌ఫ్రెండ్, అంటే యారో హీరో ఆలివర్‌తో పడవెక్కి సముద్రంలో పోయిన అమ్మాయి, అంతే. అప్పుడు ఆ వేషం వేసిన నటి కూడా వేరు. 2022లో లెజెండ్స్ ఆగిపోయేనాటికి కాలంలో తిరిగే ఓడకి ఆమే కెప్టెన్. ఆ సిరీస్‌లన్నిట్లో ఇంతగా ఎదిగిన పాత్ర ఇంకొకటి లేదని నా అభిప్రాయం. మీకు ఏ సీన్ దగ్గర ఆమె నచ్చింది? మా చెల్లికి చూపిద్దామనుకుంటున్నాను, ఎక్కడ మొదలుపెట్టించాలో కూడా చెప్పండి.

కోఠి_కామిక్స్:
అన్నా, చాలామందికి తెలియని విషయం ఒకటి. సారాని టీవీ కోసమే పుట్టించారు. టీవీలో ఆమె మొదట కానరీ, తర్వాత వైట్ కానరీ అనే పేర్లతో పోరాడుతుంది. కామిక్స్‌లో బ్లాక్ కానరీ అనే హీరోయిన్ అంటే డైనా లారెల్ లాన్స్, అంటే టీవీలో సారా వాళ్ళక్క లారెల్. వైట్ కానరీ అనే పేరు కామిక్స్‌లో ఉంది కానీ ఆమె వేరే మనిషి, విలన్. కాబట్టి 2013లో కెయిటీ లాట్జ్ కానరీగా వచ్చినప్పుడు, ఆ పాత్ర ఇలాగే ఉండాలని చెప్పే పాత కథ ఏదీ లేదు. రాసేవాళ్ళు ఎటైనా తీసుకెళ్ళొచ్చు. తీసుకెళ్ళారు, కాకపోతే ముందు చంపేశారు.

తార్నాక_హాస్టల్:
ఆ చావు గురించి నేను చెప్తాను. 2014లో హాస్టల్ రూమ్‌లో ఒకే ల్యాప్‌టాప్ ముందు అందరం కూర్చుని చూశాం. యారో మూడో సీజన్ మొదటి ఎపిసోడ్. మేడ మీద ఛాతీలో బాణాలు దిగుతాయి, కిందకి పడిపోతుంది, లారెల్ కళ్ళ ముందే. గదిలో ఎవరూ మాట్లాడలేదు. నాకు కోపం వచ్చింది, ఇప్పటికీ ఉంది. ఎందుకంటే ఆ చావు సారా కథ కోసం జరగలేదు. చెల్లి కానరీ జాకెట్ అక్క తొడుక్కోవాలి, ఆలివర్ హంతకుల ముఠా నాయకుడు రాస్ అల్ గూల్ మీదకి వెళ్ళాలి, అందుకోసం చంపారు.

ఆ సీజన్‌లో నన్ను ఏడిపించింది మాత్రం వాళ్ళ నాన్న క్వెంటిన్. ఆయన గుండె తట్టుకోదని లారెల్ నిజం దాస్తుంది. గొంతు మార్చే పరికరం పెట్టుకుని సారాలా మాట్లాడుతుంది. కూతురు బతికే ఉందని నమ్మిన ఆ తండ్రి మొహం చూడలేకపోయాను.

కర్రసాము_ఫ్యాన్:
నేను చిన్నప్పుడు ఊళ్ళో కర్రసాము నేర్చుకున్నాను, కాబట్టి నా కళ్ళు ఎప్పుడూ ఆమె కర్ర మీదే. ఒక పొడుగు కర్ర రెండు పొట్టి కర్రలవుతుంది, మళ్ళీ కలుస్తుంది. పొడుగు కర్రతో మనిషిని దూరంగా ఉంచుతాం, పొట్టి కర్రతో మీదకి వెళ్తాం. రెండిటికీ అడుగులు వేరు. యారోలో ఆమె ఎక్కువగా మీదకి దూకి కొట్టేది, ప్రతి దెబ్బా చంపడానికే అన్నట్టు ఉండేది. లెజెండ్స్‌లో కొడుతూనే పక్కవాళ్ళు ఎక్కడున్నారో చూసుకుంటుంది. లాట్జ్ డ్యాన్స్ నుంచి వచ్చిన మనిషి, అందుకే నడుము తిప్పడంలో ఆ తేలిక. మనసు మారినట్టు ఫైట్‌లోనే తెలుస్తుంది. డైలాగ్ అక్కర్లేదు.

పద్మారావునగర్_పాప:
నాకు ఆమె దగ్గరైంది అక్క విషయంలో. మా అక్క చనిపోయాక చాలాకాలం ఏ సిరీసూ చూడలేదు. మళ్ళీ చూసింది లెజెండ్స్ మొదటి సీజన్.

అప్పటికి సారాని అక్కే లాజరస్ పిట్‌లో, అంటే చచ్చినవాళ్ళని బతికించే మాయ కొలనులో ముంచి బతికించింది, మంత్రాలు తెలిసిన కాన్‌స్టంటీన్ వచ్చి ఆత్మని వెనక్కి తెచ్చాడు. తెల్ల డ్రెస్ ఇచ్చి, ఇకమీదట చీకట్లో కాదు, వెలుగులో హీరోగా ఉండమని పంపిందీ లారెలే. సీజన్ చివర్లో సారా ఇంటికొచ్చేసరికి ఆ అక్క లేదు. విలన్ డేమియన్ డార్క్ చంపేశాడు. చేతిలో టైమ్ మెషీన్ ఉంది, వెనక్కి తీసుకెళ్ళమని అప్పటి ఓడ కెప్టెన్ రిప్ హంటర్‌ని నిలదీస్తుంది. అతను కుదరదంటాడు, వెళ్తే ఆమె, వాళ్ళ నాన్న కూడా చనిపోతారంటాడు. నేనైతే వినేదాన్ని కాదు.

రెండో సీజన్ చివర, లోకాన్నే తిరగరాయగలిగే ఈటె ఆమె చేతికి వస్తుంది. లారెల్ కళ్ళ ముందు కనిపిస్తుంది. ఒక్క మాటతో అక్కని తెచ్చుకోవచ్చు. తెచ్చుకోదు, ఆ ఈటెకి శక్తి లేకుండా చేసేస్తుంది. పాజ్ పెట్టి బాల్కనీలోకి వెళ్ళి నిలబడ్డాను. రక్తదాహంతో తిరిగొచ్చి, మొదటి సీజన్‌లో ఒళ్ళు తెలియకుండా మనుషుల మీద పడ్డ మనిషి అక్కడిదాకా వచ్చింది. నా వరకు ఆమె కెప్టెన్ అయింది ఆ క్షణంలోనే.

మాదాపూర్_లీడ్:
పద్మారావునగర్ గారూ, మీ పోస్టు చదివి కాసేపు ఏమీ రాయలేకపోయాను.

నాది చిన్న సంగతి. మా మేనేజర్ ప్రాజెక్ట్ మధ్యలో వెళ్ళిపోతే టీమ్ నా మీద పడింది. ఒకటే టెన్షన్. ఆ రోజుల్లోనే లెజెండ్స్ రెండో సీజన్ చూశాను. రిప్ కనిపించకుండా పోతాడు, ఎవరూ నియమించకుండానే సారా ఆ కుర్చీలో కూర్చుంటుంది. టీమ్‌లో మిక్‌ని మిక్‌లా, రేని రేలా వాడుకుంటుంది, ఎవర్నీ తనలా మార్చాలని చూడదు. రిప్ తిరిగొచ్చాక కూడా ఓడ ఆమెకే వదిలేస్తాడు. అది సంపాదించుకున్న పదవి.

ఓల్డ్‌అల్వాల్_రివ్యూస్:
నేను ఒప్పుకోను. యారో రెండో సీజన్ సారానే గొప్ప. హంతకుల ముఠాలో తయారై, ఇంటి గుమ్మం దాకా వచ్చి లోపలికి అడుగుపెట్టలేని ఆ భయం లెజెండ్స్‌లో పలచబడిపోయింది. ఆరో సీజన్‌లో చంపేసి, ఏలియన్ క్లోన్‌గా తిరిగి తెచ్చినప్పుడు చావుకి విలువ లేకుండా పోయింది. ఎన్నిసార్లని చంపి బతికిస్తారు?

ఉప్పల్_అమ్మాయి:
అల్వాల్ అన్నా, క్లోన్ కథ నాకూ నచ్చలేదు. కానీ నాలాంటి అమ్మాయిలకి ఇంకో లెక్క ఉంది. టీవీలో ఇద్దరమ్మాయిల ప్రేమ అంటే ఒకరు చావాల్సిందే అన్నట్టు ఉండేది. సారా యారోలో రాస్ అల్ గూల్ కూతురు నిస్సాని ప్రేమించింది, చచ్చిపోయింది. నా ఆశ అక్కడే ఆగిపోయింది. తర్వాత లెజెండ్స్ మూడో సీజన్‌లో ఆవా షార్ప్ వచ్చింది. మొదట ఇద్దరూ కొట్టుకుంటారు, తర్వాత ఒకరి అలవాట్లు ఒకరు భరిస్తారు, విడిపోతారు, కలుస్తారు. 2021లో పెళ్ళి. ఎవరూ దాన్ని వింతగా చూడరు, టీమంతా హడావుడిగా పెళ్ళి పనులు చేస్తారు. ఇంట్లో హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూశాను, ఏడుపు ఆపుకోలేకపోయాను. ఆ ఎపిసోడ్ ఉన్నందుకు క్లోన్ కథని క్షమించేశాను.

హైటెక్స్_కాస్‌ప్లే:
కామిక్ కాన్‌కి వైట్ కానరీగా వెళ్ళినదాన్ని. కుట్టించుకోవాలనుకునే వాళ్ళకి: తెల్ల రెక్సిన్ కొనకండి, మోచేతి మడత దగ్గర పగుళ్ళొస్తాయి, చెమటకి లోపల అతుక్కుంటుంది. మందపాటి కాటన్ డ్రిల్ తీసుకుని లోపల పల్చటి లైనింగ్ వేయించండి. మా టైలర్ అంకుల్ భుజం దగ్గర చిన్న కుచ్చు వదిలారు, అందువల్లే కర్ర పైకెత్తగలిగాను. అక్కడ ఒక చిన్న పాప వచ్చి, "అక్కా, మీరు కెప్టెనా?" అని అడిగింది.

కోఠి_కామిక్స్:
ఆ పాపకి లెజెండ్స్ ఏడో సీజన్ చివర ఏమైందో ఎలా చెప్తాం! సారా తల్లి కాబోతోందని తెలుస్తుంది, టీమంతా అరెస్టవుతుంది, సిరీస్ రద్దు. పదేళ్ళు మోసిన పాత్రకి సరైన వీడ్కోలు ఇవ్వకపోవడం అన్యాయం.

తార్నాక_హాస్టల్:
నిజాంపేట అన్నా, చెల్లికి యారో రెండో సీజన్‌తో మొదలుపెట్టించు. మూడో సీజన్ మొదటి ఎపిసోడ్, తర్వాత నాలుగులో ఆమె తిరిగొచ్చే ఎపిసోడ్లు, అక్కణ్ణుంచి లెజెండ్స్. ఈ సిరీస్‌లన్నీ కలిసే కథ క్రైసిస్ ఆన్ ఇన్ఫినిట్ ఎర్త్స్ వదలొద్దు, అందులో లోకాల్ని కాపాడాల్సిన ఏడుగురు పారాగన్లలో సారా ఒకతి. లెజెండ్స్ మొదటి సీజన్ కాస్త నీరసంగా ఉంటుంది, ఓపిక పట్టమను.

నైట్‌షిఫ్ట్_నిజాంపేట:
సరే, శనివారం రాత్రి నాకు సెలవు, రెండో సీజన్ పెట్టేస్తాం. మూడో సీజన్ గురించి తనకి ముందే ఏమీ చెప్పను. తను చూశాక ఏమందో వచ్చి ఇక్కడే రాస్తాను. ఉప్పల్ అమ్మాయీ, ఆ మూడో సీజన్ అయ్యాక నీ పోస్టు తనకి చదివి వినిపించొచ్చా?

ఉప్పల్_అమ్మాయి:
వినిపించండి అన్నా. పెళ్ళి సంగతి మాత్రం దాటేయండి, అది తనే చూడాలి.