ముంబైలో తాత కట్టిన ‘ఓడ ఇల్లు’: గైడ్‌తో నడిచి చూస్తే దొరుకుతుందా?

ప్రశ్న (ధర్మాబాద్, నాందేడ్ జిల్లా)

అందరికీ నమస్కారం. మాది ధర్మాబాద్. ఇంట్లో తెలుగు, బజార్లో మరాఠీ. మా అబ్బాయి ముంబైలో చదువుకుంటున్నాడు. వచ్చే నెల వాణ్ని చూడటానికి దేవగిరి ఎక్స్‌ప్రెస్‌లో వెళ్తున్నాం. ఈసారి మా బాపు (నాన్న) కూడా వస్తానన్నాడు. ఆయనకు 71 ఏళ్లు. నలభై ఏళ్లు మేస్త్రీ పని చేశాడు కానీ ముంబై ఒక్కసారి కూడా చూడలేదు.

ఆయన రావడానికి ఒక కారణం ఉంది. మా తాత నిజాం కాలంలో, పెళ్లి కాకముందు, బొంబాయికి కూలికి పోయాడు. అక్కడ మనవాళ్లను కామాఠీలు అనేవాళ్లట. సెంట్రింగ్ పనిలో, అంటే కాంక్రీటు పోయడానికి చెక్కలతో అచ్చు కట్టే పనిలో చేరాడు. తిరిగొచ్చాక చనిపోయేదాకా మాకు ఒకటే కథ: "సముద్రాన్ని పూడ్చి ఇండ్లు కట్టిన్రు. నేను పని చేసిన ఇల్లు ఓడ లెక్క ఉంటది." చిన్నప్పుడు మేమంతా తాత ఓడలో పని చేశాడనే అనుకున్నాం. వీధి పేరు తెలియదు. ఫోటో లేదు, కాగితం లేదు.

మొన్న మా అబ్బాయి ఫోన్లో మెరైన్ డ్రైవ్ ఫోటోలు చూపిస్తుంటే ఒకదాని దగ్గర బాపు ఆగిపోయాడు. బిల్డింగ్ మూల గుండ్రంగా ఉంది. బాల్కనీలకు ఓడ మీద ఉండే లాంటి ఇనుప కడ్డీలు, పైన గుండ్రటి చిన్న కిటికీ. "ఇదేనేమో బిడ్డా" అన్నాడు. ఆ రాత్రి సరిగా నిద్ర కూడా పోలేదు.

అక్కడ గైడ్లు గుంపులుగా నడిపిస్తూ పాత బిల్డింగుల గురించి చెప్తారని విన్నాను. మాకు అది పనికొస్తుందా, లేక మేమే తిరిగితే మేలా? బాపుకు ఇంగ్లీషు రాదు. ఎడమ మోకాలు నొప్పి. పైగా అవన్నీ కోటీశ్వరుల ఇళ్లు, గేటు దగ్గర ఎవరైనా ఒక మాట అంటే ఆయన చిన్నబోతాడని నా భయం. తెలిసినవాళ్లు చెప్పండి.

జవాబు (దేగ్లూర్, ప్రస్తుతం వర్లీ)

అక్కా, మీ తాతగారు చెప్పింది అక్షరాలా నిజం. మెరైన్ డ్రైవ్, ఓవల్ మైదానానికి పడమర వైపు ఉన్న ఇళ్లు అన్నీ సముద్రాన్ని పూడ్చిన నేల మీదే లేచాయి. బ్యాక్‌బే పూడిక అంటారు. 1930ల్లో ఆ ప్లాట్లలో వరసగా ఫ్లాట్ల బిల్డింగులు కట్టారు. ఆ శైలి పేరు ఆర్ట్ డెకో. ఆ రోజుల్లో పెద్ద ఓడలంటే కొత్త కాలానికి గుర్తు. అందుకే ఇళ్లకు ఓడ డెక్ లాంటి బాల్కనీలు, గుండ్రటి కిటికీలు, జెండా కర్ర లాంటి కొనలు పెట్టారు. ఒక ఓడ ఇల్లు కాదు అక్కా, అక్కడ పదుల కొద్దీ ఉన్నాయి. అమెరికాలోని మయామీ తర్వాత ఈ శైలి బిల్డింగులు ఎక్కువ ఉన్నది ముంబైలోనే అంటారు.

గైడ్ కావాలా అంటే, కావాలి. నేను రెండుసార్లు నడిచాను. మొదటిసారి నలభై మంది గుంపు, గైడ్‌కి మైకు లేదు. ఏ ఫ్లాట్‌లో ఏ సినిమా స్టార్ ఉండేవాడో చెప్తూ గంటన్నరలో ముగించాడు. చాలా బాధేసింది. రెండోసారి పన్నెండు మందిమే. ఆమె మమ్మల్ని ఓవల్ మైదానం మధ్యలో నిలబెట్టి, "ముందు తూర్పుకు చూడండి, ఇప్పుడు వెనక్కి తిరగండి" అంది. అంతే, నాకు ఊరంతా అర్థమైంది.

తూర్పున హైకోర్టు, యూనివర్సిటీ, రాజాబాయి టవర్. 1860ల్లో కోట గోడలు పడగొట్టాక లేచిన రాతి కట్టడాలు. టవర్ 1878లో పూర్తయింది, ఎత్తు 85 మీటర్లు. డబ్బు ఇచ్చింది పత్తి వ్యాపారి ప్రేమ్‌చంద్ రాయ్‌చంద్, పేరు వాళ్ల అమ్మది. అమెరికాలో అంతర్యుద్ధం వచ్చి అక్కడి పత్తి ఆగిపోయినప్పుడు బొంబాయికి వచ్చి పడ్డ డబ్బు అది. మన నాందేడ్ వైపు పత్తి పండించేవాళ్లకు ఈ ముక్క చెప్తే చెవులు నిక్కబొడుచుకుంటాయి. పడమర వైపు తిరిగితే రాయి ఎక్కడా లేదు, అంతా సిమెంటు కాంక్రీటు. ఎంప్రెస్ కోర్ట్, రజ్జబ్ మహల్, కోర్ట్ వ్యూ అని పేర్లు గోడల మీదే అచ్చు పోసి ఉంటాయి. మధ్యలో మైదానం, అటూ ఇటూ రెండు కాలాలు. 2018లో ఈ రెండు వరసలనూ కలిపి యునెస్కో వారసత్వ జాబితాలో చేర్చారు.

భాష సంగతి ముందే మాట్లాడుకోండి. మామూలు నడకలు ఇంగ్లీషులోనే ఉంటాయి, కానీ అడిగితే హిందీలో, మరాఠీలో చెప్పేవాళ్లున్నారు. గుంపులో ఎంతమందో కూడా అడగండి. పదిహేను దాటితే వద్దు. మీ బాపుగారు మేస్త్రీ అని గైడ్‌కి ముందే చెప్పండి.

గేట్ల గురించి భయపడకండి. ఎవరూ లోపలికి పోరు, అంతా ఫుట్‌పాత్ మీదే. వాచ్‌మన్‌లకు ఈ గుంపులు అలవాటే. అయినా కిటికీల్లోకి జూమ్ చేసి ఫోటోలు తీయొద్దు. లోపల మనుషులు కాపురం ఉంటున్నారు, అందరూ కోటీశ్వరులు కూడా కాదు. 1947 నాటి అద్దె చట్టం వల్ల పాత అద్దెలకే తరాలుగా ఉంటున్న ముసలివాళ్లు ఆ ఏరియాలో చాలామంది ఉన్నారు.

జవాబు (సోలాపూర్)

మోకాలు నొప్పి ఉన్నవాళ్లను తీసుకెళ్లిన అనుభవంతో చెప్తున్నా. పొద్దున ఏడు, ఏడున్నరకే మొదలయ్యే నడక చూసుకోండి. పది దాటితే ఆ ఎండకీ ఉక్కకీ పెద్దవాళ్లు తట్టుకోలేరు. ఆదివారమైతే ట్రాఫిక్ తక్కువ, మైదానంలో క్రికెట్ ఆడే పిల్లలు ఉంటారు, చూస్తూ కూర్చోవచ్చు. ఓవల్ నుంచి సముద్రం దాకా దూరం తక్కువే, కానీ నిలబడి వినడంలోనే మోకాలు పట్టేస్తుంది. మడత పెట్టే చిన్న స్టూలు బ్యాగులో పెట్టుకోండి, సిగ్గుపడొద్దు. మెరైన్ డ్రైవ్ పొడవునా పిట్టగోడ ఉంది, దాని మీద ఎంతసేపైనా కూర్చోవచ్చు. టాయిలెట్ పని చర్చ్‌గేట్ స్టేషన్లోనే చూసుకుని బయల్దేరండి.

జవాబు (సిరోంచ, గడ్చిరోలి జిల్లా)

చెల్లెమ్మా, నా మాట వేరే. ఆ నడకల్లో కట్టించినవాడి పేరు చెప్తారు, గీసిన ఆర్కిటెక్ట్ పేరు చెప్తారు. మోసినవాడి పేరు రాదు. ముంబైలో కామాఠిపుర అనే పేటకు ఆ పేరే మన కామాఠీల వల్ల వచ్చింది. ఈరోజు ఆ పేరు వినగానే జనానికి రెడ్‌లైట్ ఏరియానే గుర్తొస్తుంది. అది నాకు ఇప్పటికీ ముల్లులా గుచ్చుకుంటుంది. నాయనను తీసుకెళ్తున్నారు కాబట్టి ఈ సంగతి గైడ్ నోటితో చెప్పించండి, తెలియకపోతే మీరే చెప్పండి.

ఇంకొక పూట ఉంటే మలబార్ హిల్ మీద బాణగంగకు పోండి. చుట్టూ దేశంలోకెల్లా ఖరీదైన ఇళ్లు, మధ్యలో మెట్ల కోనేరు. 1127లో శిలాహార రాజుల మంత్రి లక్ష్మణ్ ప్రభు కట్టించాడని చెప్తారు. 1715లో రామా కామత్ డబ్బుతో మళ్లీ కట్టారు. సముద్రం పక్కనే ఉన్నా నీళ్లు తియ్యటివి, అడుగున ఊట ఉంది. మెట్లు మాత్రం అరిగిపోయాయి, నాయన చెయ్యి పట్టుకోండి.

ప్రశ్న అడిగినవారు మళ్లీ (ధర్మాబాద్)

వెళ్లి వచ్చాం. మీ అందరికీ ఎంత చెప్పినా తక్కువే. తర్వాత వెళ్లేవాళ్ల కోసం రాస్తున్నాను.

హిందీలో చెప్పే గైడ్ దొరికాడు, మా అబ్బాయి వయసు కుర్రాడు. పదకొండు మందిమి. ఓవల్ మైదానంలో మొదలై మెరైన్ డ్రైవ్ మీద సూనా మహల్ దగ్గర ముగిసింది. స్టూలు చాలా పనికొచ్చింది, సోలాపూర్ అన్నకు దండం.

మొదటి అరగంట బాపు ఒక్క మాట మాట్లాడలేదు. గైడ్ రంగుల గురించి, పేర్ల అక్షరాల గురించి చెప్తుంటే ఈయన తల పైకెత్తి కిటికీల మీది సజ్జలనే చూస్తున్నాడు. ఆ సజ్జలను అక్కడ ‘ఐబ్రో’ అంటారట, కనుబొమలని. ఒక బిల్డింగ్ దగ్గర కింది అంతస్తు సజ్జ చేతికి అందేంత దూరంలో ఉంది. బాపు వాచ్‌మన్‌ని మరాఠీలో అడిగి, కాంపౌండ్ అంచు దాకా వెళ్లి, చెయ్యి చాపి సజ్జ అడుగున వేలు పెట్టాడు. "చూడు బిడ్డా" అని నా వేలు కూడా పట్టుకుని పెట్టించాడు. అంచుకు రెండంగుళాల లోపల, పొడవునా, వేలి కొన పట్టేంత గాడి. వాన నీళ్లు సజ్జ అడుగు నుంచి గోడకు పాకకుండా ఆ గాడి దగ్గరే ఆగి చుక్కలుగా రాలిపోతాయట. గోడ నల్లబడదు, చెమ్మ పట్టదు. మా ఇంటి సజ్జలకు కూడా అదే గాడి ఉందని నాకు అప్పటిదాకా తెలియదు. నలభై ఐదేళ్లుగా దాని కిందే నిలబడి వాన చూస్తున్నాను. బాపుకు అది నేర్పింది తాత.

గైడ్ కుర్రాడు చూసి దగ్గరకు వచ్చాడు. ఆ గుండ్రటి బాల్కనీ ఎలా పోస్తారో అడిగాడు. బాపు స్టూలు మీద కూర్చుని చెప్పడం మొదలుపెట్టాడు. వెడల్పు పలక వంగదు, అందుకని సన్నటి చెక్క పట్టీలు నిలువుగా పక్కపక్కన కొట్టి వంపు తెస్తారు, సందుల్లో మట్టి మెత్తి పూడుస్తారు, లేకపోతే సిమెంటు పాలు కారిపోయి అంచు గుల్లగా వస్తుంది. ఆ వంపు అద్దంలా రావాలంటే సెంట్రింగోడి చెయ్యి బాగుండాలి, మేస్త్రీ ఎంత గొప్పవాడైనా లాభం లేదన్నాడు. పదకొండు మందీ అక్కడే నిలబడిపోయారు. ఒకావిడ ఫోన్లో రికార్డు కూడా చేసింది. వాచ్‌మన్ లోపలి నుంచి తన నీళ్ల సీసా తెచ్చి బాపుకు ఇచ్చాడు.

సిరోంచ అన్న చెప్పినట్టే కామాఠీల సంగతి నేనే ఎత్తాను. కుర్రాడికి కామాఠిపుర తెలుసు, ఆ పేరు ఎక్కడి నుంచి వచ్చిందో తెలియదు. రాసుకున్నాడు. వచ్చే వారం నుంచి చెప్తానన్నాడు.

తాత ఇల్లు దొరికిందా అంటే, లేదు. మొదట్లో ప్రతి బిల్డింగ్ దగ్గరా "ఇదా బాపూ?" అని అడిగాను. తర్వాత అడగడం మానేశాను. చివర్లో పిట్టగోడ మీద కూర్చున్నప్పుడు బాపు సముద్రానికి వీపు పెట్టి, బిల్డింగుల వైపు తిరిగి కూర్చున్నాడు. అందరూ సముద్రం చూస్తుంటే ఈయన ఒక్కడే అటు. ఒక మూల నుంచి ఇంకో మూల దాకా వేలితో గుండ్రటి మూలలు లెక్కపెట్టాడు. పద్నాలుగు దాకా లెక్కపెట్టి, చెట్లు అడ్డం వచ్చాయని ఆపాడు.

బాణగంగకు టైం చాలలేదు. బాపు సంక్రాంతి తర్వాత మళ్లీ వెళ్దామంటున్నాడు, ఈసారి మా బాబాయిని కూడా తీసుకుని. మలబార్ హిల్ వైపు హిందీలో చెప్పే గైడ్ ఎవరైనా తెలిస్తే ఇక్కడే రాయండి.