అడాలసెన్స్‌లో నాన్నగా చేసినాయన ఇంతకుముందు ఎందులో ఉన్నాడు?

రాత్రిషిఫ్ట్:
అడాలసెన్స్ సిరీస్ నాలుగు ఎపిసోడ్లూ నిన్న రాత్రి ఏకబిగిన చూసేశా. చివర్లో ఆ నాన్న కొడుకు మంచం మీద బొమ్మకి దుప్పటి కప్పి ఏడుస్తాడు చూడండి, ఇక నిద్ర పడితే ఒట్టు. పేరు స్టీఫెన్ గ్రాహమ్ అట. ఎక్కడో చూసిన మొహమే కానీ గుర్తు రావట్లేదు. ముందు ఏది చూడమంటారు?

పాతరీలు:
బోర్డ్‌వాక్ ఎంపైర్ సిరీస్‌లో గ్యాంగ్‌స్టర్ అల్ కపోన్ ఈయనే, అందులో చూసుంటావు. లివర్‌పూల్ పక్కన కిర్క్‌బీ వాడు. నన్నడిగితే 2006లో వచ్చిన దిస్ ఈజ్ ఇంగ్లండ్‌తో మొదలుపెట్టు, చిన్న బడ్జెట్ సినిమా, అందులో జైలు నుంచి వచ్చిన కోంబో అనే జాత్యహంకారి వేషం. నల్లజాతి కుర్రాడు మిల్కీ తన ఇంటి గురించి, చుట్టాల గురించి, తిళ్ల గురించి మురిసిపోతూ చెప్తుంటాడు, ఈయన నవ్వుతూనే వింటుంటాడు, ఆ నవ్వు అలాగే ఉంటుంది కానీ కళ్లలో మాత్రం ఏదో చచ్చిపోతుంది. తర్వాతేమవుతుందో చెప్పను. ఇంకో సంగతి, గ్రాహమ్ సొంత తాతదే జమైకా!

ఉప్పుకారం:
నేనైతే బాయిలింగ్ పాయింట్ అంటా. 2021, గంటన్నర సినిమా మొత్తం ఒకే షాట్, లండన్ రెస్టారెంట్‌లో హెడ్ షెఫ్ కథ. రెండేళ్లు హోటల్ కిచెన్‌లో చేశాను కాబట్టి చెప్తున్నా, ఆర్డర్లు పేరుకుపోతున్నప్పుడు గొంతులో వచ్చే ఆ జీర యాక్టింగ్‌లా అనిపించలేదు, నాకే టెన్షన్ వచ్చింది. ఎనిమిది టేకులు అనుకున్నారు, కోవిడ్ ముంచుకొచ్చి నాలుగే అయ్యాయి, మనం చూసేది మూడోది. దర్శకుడు ఫిలిప్ బరంటీనీయే అడాలసెన్స్‌కీ దర్శకుడు. ఇద్దరూ 2001లో బ్యాండ్ ఆఫ్ బ్రదర్స్ అనే యుద్ధం సిరీస్‌లో నటులుగా కలిసి చేసినవాళ్లు. అడాలసెన్స్‌లోనూ ఒక్కో ఎపిసోడ్ ఒకే షాట్, స్కూల్ ఎపిసోడ్ పదమూడో టేకు, అన్నిసార్లు మొదటి నుంచి చెయ్యాలంటే ఓపికుండాలి బాబూ.

పాతరీలు:
సరే, వంటింటి వాళ్లతో వాదన ఎందుకు. కానీ గ్రాహమ్‌కి డిస్లెక్సియా, అంటే అక్షరాలు చదవడంలో ఇబ్బంది, ఉంది, వచ్చిన స్క్రిప్టులు ముందు భార్య హన్నా వాల్టర్స్ చదువుతుంది. ఆవిడా నటే, బాయిలింగ్ పాయింట్‌లో పేస్ట్రీలు చేసేది ఆవిడే.

రాత్రిషిఫ్ట్:
అయితే ముందు బాయిలింగ్ పాయింటే. కోంబోని శనివారానికి పెట్టుకుంటా, మర్నాడు డ్యూటీ ఉండదు.