గడియగిన్నెల ఉన్న పాత గడియను ఉంచాల్నా, చెరపాల్నా?

మట్టెవాడ:
అందరం కలిసి రాస్తున్న సీరియల్ ఇక్కడ్నే ఆగింది. కొత్తగ వచ్చినోళ్ల కోసం రెండు ముక్కలు చెప్త. చెరువుల పూడిక తీస్తుంటే జేసీబీ బకెట్ల ఒక రాగిగిన్నె వచ్చింది, అడుగున సన్నటి బెజ్జం. పూర్వం ముహూర్తాలకు వాడిన గిన్నెనే. నీళ్ల మీద పెడితే బెజ్జంలకెళ్లి నీళ్లెక్కి మునుగుతది. అది ఒక గడియ, అంటె 24 నిమిషాలు. మన గిన్నెకు ఉన్న మాయ ఏందంటె, మునిగేటప్పుడు దాని చుట్టూ జరిగిందంత పట్టి పెట్టుకుంటది. మళ్ల నీళ్ల మీద ఇడిస్తె, ఇడిసినోడు పోయి ఆ గడియల నిలబడతడు. ఒక గిన్నెల ఒక్క గడియనే. కొత్తది పట్టాలంటె పాతది పోతది.

ఇప్పుడు లోపలున్నది 1323, ఢిల్లీ ఫౌజు ఓరుగల్లును గెలిచిన ఏడు, ఆ ఊరి మట్టికోటల ఒక ఇల్లు. ఒక తల్లి జొన్నరొట్టెలు మూట కడుతున్నది, బయటికెళ్లి ఎవరో తొందరపెడుతున్నరు. గంతే. రాజు లేడు, యుద్ధం కనపడది. ఇటు గిన్నెను వాడుతున్న మన కథల పిలగాని నాయనమ్మ మంచంల ఉన్నది. ఆమె బతుకమ్మ పాట గిన్నెల పట్టుకుంటనంటడు. పట్టనిద్దామా?

పోచమ్మమైదాన్:
వద్దు. పాట కావాలంటె ఫోన్ల రికార్డ్ చేసుకొమ్మనుర్రి. గిన్నెనే కావాల్నా?

కాజీపేట జంక్షన్:
ఫోన్ల పాట ఉంటది, అవ్వ ఉండది. గిన్నెల అయితె పక్కపొంటి కూసుంటడు. ఆమె గునుగు కొసలు కత్తిరించి రంగు గిన్నెల ముంచుతుంటె, ఆ గులాబి రంగు గోర్లకు అంటుకున్నది కూడ కనపడతది. ఆ రొట్టెల తల్లి ఎవరో మనకు తెల్వది, పేరు గూడ తెల్వది. నాయనమ్మ తెలుసు. నేనైతె ఎప్పుడో చెరిపేద్దును.

భద్రకాళి కట్ట:
పేరు తెలియదు కాబట్టే చెరపకూడదంటాను. రుద్రమదేవి 1295 దాకా పాలించిందని పుస్తకాల్లో రాసేవాళ్లు. చందుపట్ల శాసనం బయటపడ్డాక ఆమె, సేనాని మల్లికార్జున నాయకుడు 1289 నాటికే చనిపోయారని తెలిసింది. ఆ రాయి వేయించింది రాజవంశం వాళ్లు కాదు, పువ్వుల ముమ్మడి అనే బంటు. దొరలకు పుణ్యం రావాలని గుడికి భూమి ఇచ్చి, ఆ సంగతి చెక్కించుకున్నాడు. ఒక బంటు చేసిన పనితో రాణి చరిత్రే మారిపోయింది.

ఆఖరి కాకతీయ రాజు ప్రతాపరుద్రుడి చావు చూడండి. ఢిల్లీకి తీసుకుపోతుంటే నర్మద ఒడ్డున పోయాడని ప్రోలయ నాయకుడి విలస శాసనం అంటుంది. తన ఇష్టంతోనే దేవలోకానికి వెళ్లాడని కలువచేరు శాసనం అంటుంది. రాజు సంగతికే ఇంత గందరగోళం. రొట్టెలు మూట కట్టుకుని ఇల్లు వదిలిన వాళ్ల గురించి ఏ రాయి మీద ఎవరు చెక్కారు? మన కథలో ఆ 24 నిమిషాలు తప్ప వాళ్లకు ఇంకేమీ లేవు. నాయనమ్మకు కొడుకులున్నారు, మనవళ్లున్నారు, పాట నేర్చుకున్న కోడళ్లున్నారు.

కాజీపేట జంక్షన్:
మంచిగ చెప్పిర్రు అక్కా. కని శాసనం రాయి మీద ఉంటది. మీరు చదివింది తప్పయితె నేను పోయి చూసి తప్పని అనొచ్చు. గిన్నెలకు ఒక్కడే పోతడు. వచ్చి “నేను చూసిన” అంటె ఎవరు నమ్ముతరు? కల పడ్డదారా అంటరు. ఎవరికీ చూపెట్టరానిది చరిత్రెట్లయితది?

భద్రకాళి కట్ట:
పది మంది విడివిడిగా పోయి చూసి, ఒకరితో ఒకరు మాట్లాడుకోకుండా రాసిపెడితే చాలు. అందరి రాతలోనూ ఉన్నదాన్ని నమ్మొచ్చు.

హంటర్ రోడ్:
పది మంది పోతె గడియ మిగలది. మా తాత పంతులు. ఈ గిన్నెల ముచ్చట ఆయన నోట మస్తు సార్లు విన్న. అంత బెజ్జంలనే ఉంటది. మడ్డి చేరి బెజ్జం పూడితె నీళ్లు మెల్లగ ఎక్కుతయి, గడియ సాగుతది. అరిగి పెద్దదయితె జల్ది మునుగుతది, గడియ తగ్గుతది. అంటె చూసినప్పుడల్ల గిన్నె ఇంత అరుగుతది, లోపలి గడియ అంత పొట్టిగయితది. పదో మనిషి పోయేసరికి ఆ తల్లి మూట ముడి వేసుడు కూడ కనపడదేమో.

ఇంకో ముచ్చట. మూడో భాగంల పిలగాడు పిన్నీసుతోని పొడిచి బెజ్జం సాఫ్ చేసిండని రాసినం. రాగికి పిన్నీసా? ఆడ్నే ఎంత పోయిందో!

పోచమ్మమైదాన్:
నాకు ఇంకోటి సమజైతలేదు. నాయనమ్మను ఒక్కలన్న అడిగిర్రా? పండుకున్న ముసలమ్మ దగ్గర గిన్నె పెట్టి “పాడు” అంటె పాడుతదా?

కాజీపేట జంక్షన్:
అడిగితె “నాదెందుకు బిడ్డా” అనే అంటది. ఇంకో బుక్క తినవే అన్నా వద్దనే అంటరు మన అవ్వలు. వద్దన్నదని పెట్టకుండ ఉంటమా?

భద్రకాళి కట్ట:
అలాగని అడగకుండా పెట్టడం కూడా సరికాదు. ఆమె వద్దన్నాక పిలగాడు ఏం చేస్తాడన్నది రాయండి. భాగమంతా అక్కడే ఉంది. వాడు దొంగచాటుగా గిన్నె పెడితే మాత్రం నాకు వాడి మీద ఉన్న ఇష్టం పోతుంది.

పోచమ్మమైదాన్:
పెడతడు, చూడుర్రి. మనవలు గట్లనే ఉంటరు.

మట్టెవాడ:
ఆగుర్రి. ఉంచుడు, చెరుపుడు తర్వాత. ముందుగాల బెజ్జం లెక్క తేలాలె. ఒక్కసారి ఇడిస్తె ఎంత తగ్గుతది? నిమిషమా, అర నిమిషమా? ఇప్పటికే పిలగాడు రెండు భాగాలల్ల రోజూ పోయి చూసి వస్తుండు. అరుగుతదన్న రూల్ పెడితె ఆ రెండు భాగాలు తిరగరాయాలె. హంటర్ రోడ్ తమ్మీ, రూల్ నువ్వే రాసి పెట్టు. పిన్నీసు ముచ్చట ఎవరు రాసిర్రో వాళ్లే దిద్దుర్రి.

కాజీపేట జంక్షన్:
నేనే రాసిన. దిద్ద. పిలగానికి ఓపిక లేదని మొదటి భాగం నుంచి చెప్తనే ఉన్నం కదనే. గడియ తగ్గితె తగ్గనీ, వాని కర్మ.