మునగడం వేరు, మునిగిపోవడం వేరు

మిత్రులకు నమస్కారం. రెండు రోజులుగా ఒక క్రియ దగ్గర ఆగిపోయాను. మీ సాయం కావాలి.

బీబీసీ రేడియో 4లో 2005లో, మళ్లీ 2007లో 'డీప్ ట్రబుల్' అనే హాస్య ధారావాహిక వచ్చింది. కథంతా బ్రిటిష్ నౌకాదళపు అణు జలాంతర్గామి గోలియత్‌లో నడుస్తుంది. చమత్కారం పేరులోనే ఉంది. డీప్ అంటే లోతు, రెండు మాటలూ కలిస్తే పెద్ద చిక్కు. దాన్ని తెలుగు చేస్తూ పేరు వెతికితే మొదట 'లోతైన కష్టం' లాంటి ప్రాణం లేని మాటలే వచ్చాయి. చివరికి 'నిండా మునిగాం' తట్టింది. నిండా మునిగినవాడికి చలేమిటి అన్న సామెత మనకు ఉండనే ఉంది. నీళ్లు, అప్పులు, ఆపద అన్నీ అందులో ఇమిడిపోయాయి.

అసలు చిక్కు ఆ తర్వాత వచ్చింది. ఇంగ్లీషులో జలాంతర్గామి 'డైవ్' చేస్తుంది, బద్దలైన ఓడ 'సింక్' అవుతుంది. మనకు రెండింటికీ మునుగు ఒక్కటే. ఓడ మునిగితే ఘోరం, జలాంతర్గామి మునగకపోతే దాని పనే జరగదు. రేడియోలో బొమ్మ ఉండదు కదా! "మునిగింది సార్" అని నావికుడు అంటే శ్రోత నిశ్చింతగా ఉండాలా, ఉలిక్కిపడాలా?

*జవాబు:* 'పోవు' అనే సహాయక క్రియను చూడండి. మునిగిపోయింది అంటే ఇక రాదు. మునక వేసింది అంటే తిరిగి లేస్తుంది. పుష్కరాల్లో గోదావరిలో మూడు మునకలు వేసి ఒడ్డుకు రావడం లేదా? మునక వేసేవాడు తన ఇష్టంతో వేస్తాడు, మునిగిపోయేవాడికి ఆ ఇష్టం లేదు. కాబట్టి ఆజ్ఞ "మునక వేయండి!" అని ఉండాలి.

ఎంత బాగా విప్పారండీ! నిఘంటువులు తిరగేసినా నాకు దొరకని తేడా ఇది. మీ మాట పట్టుకుని ఇంకాస్త ముందుకు వెళ్లాను. జలాంతర్గామిలో పైనున్న మూతలు తెరిస్తే ట్యాంకుల్లోని గాలి బయటికి పోతుంది, కింది నుంచి సముద్రపు నీరు చేరుతుంది, బరువెక్కి అది కిందికి దిగుతుంది. అంటే నావికులు దాన్ని నిజంగానే ముంచుతున్నారు. కానీ 'ముంచు' అనగానే మన చెవికి కొంప ముంచడమే వినిపిస్తుంది. "ఎవరయ్యా ముంచింది?" అని కమాండర్ అడిగితే, బాధ్యతగా పని చేసినవాడు కూడా తప్పు చేసినవాడిలా నీళ్లు నములుతాడు. ఇంగ్లీషు రచయితకు దొరకని హాస్యం ఇది, మన క్రియ ఇచ్చిన కానుక. అలాగే 'తేల్చు'. "ముందు తేల్చండి!" అంటే పడవను పైకి తేవాలో, తగవును పరిష్కరించాలో తెలియదు. (పడవ అన్నది ఊరికే కాదు. ఎంత పెద్ద జలాంతర్గామినైనా అక్కడి నావికులు ఓడ అనరు, పడవ అనే అంటారు.)

*మరో జవాబు:* అన్నీ బాగున్నాయి కానీ, సంభాషణల్లో 'జలాంతర్గామి' వద్దండి. పత్రికలో అందంగా ఉంటుంది. విశాఖ బీచ్‌కు వెళ్లేవారు మాత్రం సబ్‌మెరైన్ చూడటానికే వెళ్తారు.

ఒప్పుకుంటాను. కథనంలో జలాంతర్గామి, నావికుడి నోట సబ్‌మెరైన్. విశాఖ అంటే గుర్తొచ్చింది. 1969లో మన నౌకాదళంలో చేరిన కురుసుర జలాంతర్గామి 2001లో విశ్రాంతి తీసుకుంది. దాన్ని సముద్రంలోంచి ఇసుక మీదికి లాగి 2002లో మ్యూజియం చేశారు. మునక, తేలడం రెండూ అయిపోయాక దానికి మరో మాట మిగిలింది. 'గట్టెక్కింది' అన్న మాట వాచ్యార్థంలోనూ, నానుడిగానూ ఏకకాలంలో సరిపోయే వస్తువు నాకు ఇంకొకటి తట్టడం లేదు. మీకెవరికైనా తడితే రాయండి.